రొట్టె కొలత

మా గ్వాయాకిల్‌లో దాన్ని టీకా అంటారు.
శుక్రవారం శుక్రవారం ఇచ్చుకునే కవరు.
వేయించుకుంటే కొట్టుకి ఏ జబ్బూ రాదట.
మందుల షాపు ఫ్రాంక్లిన్ రెండు వారాలు ఎగ్గొట్టాడు.
ఇప్పుడతని షట్టరుకి తొమ్మిది చిల్లులు.
సాయంత్రపుటెండ వాటిలోంచి దూరి
ఖాళీ అరలు లెక్కపెడుతుంది.

నేను ఊచలు బిగించుకున్నాను.
"కంత ఎంత ఉంచను, దోన్యా ఎవులాలియా?"
వెల్డింగు కుర్రాడు అడిగాడు.
రొట్టె పట్టేంత, అన్నాను.
కొలతకో రొట్టె ఇచ్చాను.
కొలిచి, తినేశాడు.

అప్పట్నుంచీ నా దగ్గరికి చేతులే వస్తాయి.
సిమెంటు గోళ్లు: ఉప్పురొట్టెలు రెండు.
చెమటపట్టిన చిల్లర: నిన్నటివి, సగం ధరకి.
ఉంగరం తీసేసిన చోట తెల్లటి చార:
ఆ ఇంటి మీద రేపోమాపో అమ్మకం బోర్డు.
బొటనవేలి మీద కాలిన మచ్చ:
జోర్డీ.
ఆ మచ్చ నా పొయ్యిదే.
ఏడేళ్లప్పుడు వేడి ట్రే ముట్టుకుంటే
వెన్న రాసి ఊదిందీ నేనే.
కవరు కోసం లోపలికొచ్చేది ఆ చెయ్యే.

ఆరు దాటితే బస్సు మా మలుపు తిరగదు.
బడి ఫోన్లోకొచ్చేసింది.
పిల్లలు మంచాల కింద పడుకుని
భిన్నాలు నేర్చుకుంటున్నారు.

మొన్న దైరా వాళ్లమ్మ వచ్చింది,
పిల్లకి పదిహేను నిండుతాయని.
"పాటల్లేవు, పిలుపుల్లేవు, తలుపులేసుకునే చేస్తాం.
కేకు మాత్రం రెండంతస్తులుండాలి."

రాత్రంతా గుడ్లు గిలక్కొట్టాను.
పొద్దున కంత దగ్గరికి తెచ్చాక గానీ
తట్టలేదు నా బుర్రకి.
అవతల నాలుగు చేతులు, ఇవతల రెండు,
మధ్యన రొట్టె కొలత.
"కోసిచ్చెయ్, ఇంటికెళ్లి అతుక్కుంటాం" అంది తల్లి.
పిల్ల చేతులు మాత్రం
అలా చాచే ఉన్నాయి.

తాళంచెవి పిండి డబ్బా అడుగున.
పద్నాలుగు నెలలైంది.
మోచేతిదాకా పిండిలో ముంచి వెతికాను.
కీలు అరిచిన అరుపుకి
ఎదురింటి కిటికీ మూసుకుంది.
ఏటిమీది బురదగాలి నేరుగా
పొయ్యిదాకా వచ్చింది.

మూలమీద మోటారుసైకిలు ఆగింది.
నేను మరిచేపోయాను,
ఇవాళ శుక్రవారం.

జోర్డీ వచ్చాడు. ఎదిగాడు, గడ్డం కూడా.
కేకు గడప దాటేదాకా
ఊచల తలుపు వెనక్కి పట్టుకున్నాడు.
పిల్లకేసి చూడలేదు. నాకేసీ చూడలేదు.
తర్వాత చెయ్యి చాచాడు.

ఇచ్చాను.
కవరు మీద నా వేలిముద్ర పడింది,
గులాబీరంగు క్రీముతో.