జరిగిన కథ

ముప్పై ఎనిమిదేళ్ల తర్వాత
పాత పోస్టాఫీసు ఎదురు టీ బడ్డీలో
దేముడు నా బల్ల దగ్గరే కూర్చున్నాడు.
ఇంకో బల్ల ఖాళీ లేక.

"మా అయ్యని దొంగని చేసినావు" అన్నాడు,
నిన్నటి పేపరు సంగతి చెబుతున్నట్టు.

అప్పట్లో వారపత్రికలో నా సీరియలు,
ఇరవై ఆరు వారాలు.
బొమ్మలేసినాయన విశాఖపట్నం చూసినవాడు కాదు,
డాల్ఫిన్స్ నోస్ నెత్తిమీద కొబ్బరిచెట్లు నాటాడు.
అందులో ఒక లస్కరు
తుఫాను రాత్రి పోర్టు నుంచి
తాడు చుట్ట భుజానేసుకుని ఇంటికి నడుస్తాడు,
కప్పు ఎగిరిపోకుండా కట్టుకోడానికి.
పేరు మార్చాను.
ఎడమకాలు ఈడ్చే ఆ నడక మార్చలేదు.
కోట వీధి అంతటికీ తెలిసిన నడక.

అది తొమ్మిదో వారం.
పదో వారం పత్రిక వచ్చిన సాయంత్రం
నన్ను చూసి దేముడు వీధి దాటి అటుపక్కకి వెళ్లాడు.
అలా అటుపక్కనే ఉండిపోయాడు.

వారానికీ వారానికీ మధ్య ఏడు రోజులు.
రాసేవాడికి ఎప్పుడూ చాలవు.
కోపానికి బోలెడు.

ఇంటికెళ్లి బైండు తీశాను.
ఉప్పుగాలికి పిన్నులు తుప్పెక్కి
ప్రతి వారానికీ రెండేసి గోధుమరంగు మచ్చలు.
తొమ్మిదో వారమంతా వేలు పెట్టి వెతికాను,
దొంగ అన్న మాట లేదు.
గెలిచాననుకుని పేజీ తిప్పాను.

పదో వారం.
నా పేరు కింద, కథ మొదలవకముందు,
చీమతలకాయంత అక్షరాల్లో జరిగిన కథ:
'తాడు దొంగిలించిన లస్కరు అసిరయ్య
ఇంటికి చేరతాడు. తుఫాను మొదలవుతుంది.'
ఎవరో సబ్ఎడిటరు, ఎక్కడో ఫ్యాను కింద,
చోటు చాలక రాసిన ముక్క.
తుఫాను తర్వాత మొదలైందట!

నేనది ఆనాడు చదవలేదు.
సొంత కథకి జరిగిన కథ ఎవడు చదువుకుంటాడు?

నా దగ్గరా ఒకటుంది.
ఇన్నేళ్లుగా ఎవరడిగినా అదే చెప్పాను:
'నా పేరు అచ్చులో చూసి దేముడికి కడుపుమంట.'
ఒకటే లైను.
దీనికి సబ్ఎడిటరు లేడు.

ఆదివారం బైండు సంచీలో వేసుకుని వెళ్లాను.
శుక్లాల ఆపరేషన్ అయిందట, చిన్నక్షరాలు ఆనవు.
తొమ్మిదో వారం పైకి చదివాను.
మధ్యలో ఓడ కూత పెడితే ఆగాను.
పదో వారం మూడు లైన్లూ చదివాను.
అది నేను రాయలేదని చెప్పబోయి
ఎందుకో చెప్పలేదు.

చాలాసేపటికి అడిగాడు:
"తాడు ఎన్ని బారలని రాసినావు?"
"ఇరవై."

టీ మీద కట్టిన మీగడని
వేలితో తీసి సాసరు అంచుకి రాశాడు.

"పన్నెండేరా. మా కప్పుకి పన్నెండే సరిపోయింది.
రెండో కొస పట్టుకున్నది నానే."