నీలం, పసుపు

కల్వకుర్తి బస్టాండు ఎదురుగ నాది ఫ్లెక్సుల దుకాణం.
అండమాను టూరు కరపత్రాలు వేలకు వేలు కొట్టిన:
"వాన అడవులు, అలల తీరం, ఒక్క రోజుల రెండూ!"
మా మిషన్ల పచ్చరంగు ఉండదు.
నీలం మీద పసుపు పడితేనే ఆకు.
టూర్ల సీజన్ల ఆ రెండు డబ్బాలే ముందు ఎండిపోతయ్.

మార్చిల మిషను తలకాయ కాలింది.
మెకానిక్కు సోమవారం దాక రానన్నడు.
ఖాళీ చేతులతోని కూసోబుద్ధి కాక
పొద్దుగాల ఐదు బస్సుకు మన్ననూరు పోయిన.

సఫారీ జీపుల ఏడుగురం.
గద్వాల నుంచి ఎల్ఐసీ ఏజెంటు కుటుంబం,
బిజినేపల్లి టీచరమ్మలు ఇద్దరు, వాళ్ల చపాతీ డబ్బా.
ముందు సీట్ల గైడు.
ఖాకీ చొక్కా మీద బిళ్ళ: "టి. బాయన్న".
ఆ బిళ్ళ నేను చేసిందే.
నలభై బిళ్ళలు కొట్టిన దినం
కరెంటు పోతూ వస్తూ ఉండె.

అడవి పచ్చగ లేదు.
ఈ సంగతి నాకెవరూ చెప్పలేదు.
బూడిద, ఇటుకపొడి, మాడిన రొట్టె అంచు రంగు.
ఆకు రాలిన టేకుల నడుమ ఎక్కడో ఒక మోదుగ
ఆర్పుడు మరిచిన పొయ్యిలెక్క.

"పులి ఏది?" అడిగిండు ఏజెంటు కొడుకు.
"మనం ఏడున్నమో దానికెరుకే," అన్నడు గైడు.
ఆ తర్వాత గంటసేపు
చపాతీ డబ్బా మూత ఎవరూ తీయలేదు.

నేను వాన అడవి గురించి అడిగిన, సిగ్గులేక.
జీపు ఆపించి
మొసలి వీపసుంటి బెరడున్న నల్లమద్ది కాడికి నడిపించిండు.
ఉబ్బిన చోట అరచెయ్యి ఆనించిండు,
కడుపుల బిడ్డ మెసులుతుందా అని చూసే మంత్రసాని తీరుగ.
"పోయిన శ్రావణం వాన. ఇంక ఈడనే ఉన్నది.
దూపకు పానం పోయేటట్టుంటేనే గంటు పెడతం.
చూపించనీకె పెట్టం."
టీచరమ్మ ఫోను దించింది.
నేనూ చెయ్యి పెట్టిన.
సల్లగ ఉన్నది.
కరపత్రమైతే ఇంకో మాట కలిపేటోణ్ణి.

మధ్యాహ్నం, దోమలపెంట దిగువన కృష్ణ ఒడ్డు.
నీళ్లు వెనక్కి జరిగి బండలు తేలినయ్,
ఏ నెల ఎంతదాక నిండిందో ఒక్కో గీత.
నల్ల టార్పాలిన్ గుడిసె ముందు వల కుడుతున్నది నూకరత్నం,
ఉప్పాడ నుంచి ఏటా వలసొచ్చే మనిషి.
"ఇదే మా తీరం," అన్న, గొప్పగ.
ఆమె నీళ్ల దిక్కు చూసి, నా దిక్కు చూసి నవ్వింది.
"తీరవంటే అవతల కనపడకూడదండీ.
ఇక్కడ కూర మాడితే ఆ ఒడ్డోళ్లకి వాసనొచ్చేత్తది."
దారం పంటితో తెంపి
"అయినా అది మా ఇల్లు మింగేసిందండి.
ఇది అన్నం పెడతంది."

అల వస్తదేమో అని నిలబడ్డ.
ఎవరో పుట్టి నెడితే ఒకటొచ్చింది,
చీలమండ కూడ తడవలేదు.

తిరిగి జీపెక్కేటప్పుడు అడిగిన, "అన్నా, నీ పేరు?"
"బయ్యన్న. తోకల బయ్యన్న."
బిళ్ళ మీద వేలు పెట్టి, తప్పు నాదే అని చెప్పిన.
"పదో తరగతి పాసైన సారూ. చదువొస్తది.
మొదటి దినమే ఎరుకైంది."
గేరు మారుతున్న చప్పుడుల మిగతాది చెప్పిండు:
"బయ్యన్న అడవిల ఉంటడు.
బాయన్న జీపుల ఉంటడు. ఉండనీ."

అయినా సరైన పేరు అరచేతిల రాసుకున్న,
చెట్టు మీద పెట్టిన చెయ్యే.
అచ్చంపేట దాటి చూస్తే
చెమటకు కరిగి నీలి మరకైంది.

సోమవారం మెకానిక్కు వచ్చి కొత్త తలకాయ పెట్టిండు.
టెస్టు ప్రింటుల ఒక పట్టీ నీలం, ఒక పట్టీ పసుపు,
రెండూ కలిసిన కాడ అదే పచ్చ.
"మస్తుగొచ్చిందన్నా," అన్నడు.
నేను బిళ్ళల ఫైలు తెరిచిన.
"బా" పక్కన కర్సరు కొట్టుకుంటున్నది.
దిద్దాల్నా, ఇడిసిపెట్టాల్నా,
అడగకుంటనే వచ్చిన.