తలుపు దావా

నా పేరు మ్నేసోన్. మా భాషలో ఆ పేరులోనే జ్ఞాపకం ఉంది.
ఊరు ఊరంతా మరిచిపోతామని ఒట్టేసిన ఏడాది
అలాంటి పేరుతో తిరగడం ఎంత ఇబ్బందో
మా నాన్నకేం తెలుసు పాపం.

ఒట్టు నేనూ వేశాను.
మిట్టమధ్యాహ్నం, కొండ కింద, వందలమందితో కలిసి చెయ్యెత్తి:
"జరిగిన చెడును తలవను."
నా వెనక ఎవరో తుమ్మారు. ఎవరూ నవ్వలేదు.
ఆ ముప్పైమంది దొరల్నీ, వాళ్ల కింది కొద్దిమందినీ తప్ప
అందర్నీ వదిలెయ్యాలి.
నాకది సులువే అనుకున్నాను.
ఉన్ని ఉతికేవాణ్ని, మరకలు వదిలించే కదా బతికేది.

ఇంటికొచ్చి చూస్తే
గుమ్మం ఉంది, తలుపు లేదు.
లోపల్నించి ఒక మేక వచ్చి
నేనే చుట్టపుచూపుగా వచ్చినట్టు ఎగాదిగా చూసింది.
తలుపు నాలుగిళ్ల అవతల కనిపించింది,
ఖరిప్పోస్ గుమ్మానికి,
వెడల్పు చాలక పక్కన ఒక కొత్త పలక అతికించుకుని.

దాని లోపలి వైపు ఎనిమిది గీతలుండాలి.
ఏటా ద్రాక్ష తొక్కే రోజున
మా యువాగోన్ వీపు ఆనించి నిలబడితే కత్తితో గీసినవి.
చివరిదానికి వాడు మునివేళ్ల మీద లేచాడు.
చూసి కూడా గీశాను.
మునీఖియా కొండ మీద పడిపోయిన రోజుకి
వాడు ఆ గీతకన్నా జానెడు ఎత్తు.
ఆ కొలత ఎక్కడా లేదు.

సంతలో ఉపన్యాసాలు రాసిచ్చే లికీనోస్
పది ద్రాఖ్మాలు ముందే పుచ్చుకుని అన్నాడు:
"కొడుకు మాట ఎత్తకు. కొడుకంటే జరిగిన చెడు.
తలుపంటే సామాను.
తలపు జోలికి పోకు, తలుపు అడుగు."
ఉచ్చ తొట్టిలో ఉన్ని తొక్కుతూ బట్టీ పట్టాను.
"ఏథెన్సు పౌరులారా" అన్నప్పుడు ఎడమ కాలు,
"న్యాయం కోరి వచ్చాను" అన్నప్పుడు కుడి.

న్యాయస్థానంలో చిల్లికుండలోంచి నీళ్లు వదులుతారు,
అవి కారినంతసేపే మాట.
మాట పెగలనివాడు నీళ్లు నములుతాడంటారు గాని
అక్కడ నీళ్లే మనిషిని నములుతాయి.

కొత్త చట్టం ప్రకారం ముందు ఖరిప్పోసే లేచాడు.
ఏడవలేదు. పిల్లల్ని తెచ్చి నిలబెట్టలేదు.
ఒక్కటే అన్నాడు:
"ఆ తలుపు నా ఇంటికి ఎలా వచ్చిందో చెప్పకుండా
దాన్ని అడగమనండి చూద్దాం."

నేను బాగానే మొదలుపెట్టాను.
చెక్క ఏ రకమో చెప్పాను, మేకులెన్నో చెప్పాను,
ఎత్తు దగ్గరికి వచ్చేసరికి
యువాగోన్, అన్నాను.
"ఒట్టు! ఒట్టు!" అని బల్లల మీంచి ఒకడు అరిచాడు.
నాకు తెలుసు వాణ్ని. వాడి అన్నకి విషం తాగించారు.
అరిచి, రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుని
వాటినే చూస్తూ కూచున్నాడు.
కుండ ఇంకా సగం ఉంది. దాన్ని అలాగే కారనిచ్చాను.

ఓడిపోయాను. పైగా విలువలో ఆరోవంతు జరిమానా.

నాలుగో రోజు, కోడి కూయకముందే, బయట చప్పుడు.
ఖరిప్పోస్, వాడి బానిస, ఇద్దరి భుజాల మీదా తలుపు.
గోడకి ఆనించారు.
"కీలుకి నూనె పెట్టాను," అన్నాడు ఖరిప్పోస్.
అంతకుమించి ఒక్క ముక్క లేదు.
వాడికి ఆయాసం వచ్చింది, నీళ్లిచ్చాను, తాగాడు.

తెల్లారాక తిప్పి చూశాను.
గీతలున్న చోటల్లా చిత్రిక పట్టించాడు.
వేలికి ఏమీ తగలదు.
మర్యాదకే చేశాడేమో. లేక భయమేమో.
అడగలేదు. అడిగితే తలచినట్టే.

బిగించాను. మేక ఇప్పుడు అవతలే ఉంటుంది,
అలిగి, కొమ్ములతో పొడుస్తూ.

సాయంత్రం తలుపు తెరిచి ఉంచితే
పడమటి ఎండ ఏటవాలుగా దాని మీద పడుతుంది.
ముదిరిన నల్లటి చెక్క మీద
ఎనిమిది తెల్లటి చోట్లు, కింద నుంచి పైకి.
చివరిదానికి ఒక జానెడు పైన
అరచెయ్యి ఆనించి కాసేపు నిలబడతాను.
దారిన పోయేవాళ్లు
కీలు సరిచూసుకుంటున్నాననుకుంటారు.