కుడి బొటనవేలు

మూడో తూరి కూడా మిషను ఒప్పుకోలేదు.
ఎర్రగుంట్ల చౌకదుకాణం మెట్ల మీద
చిన్నమ్మ వేలిని కొంగుకు తుడిచి, నాలుకకు తాకించి,
తలకున్న ఆముదం కాస్త అంటించి
మళ్లీ పెట్టింది.
ఎర్రలైటు. సరిపోలలేదు.
వెనక వరసలో ఎవరో అన్నారు:
"పీరమ్మా, నువ్వు నువ్వు కాదంట!"
అందరితో పాటు తనూ నవ్వింది.

ఇరవై రెండేండ్లు కడప బండకు పాలిషు పట్టిన చెయ్యి.
రాయి నున్నబడేకొద్దీ వేలూ నున్నబడింది.
ఏది దేన్ని అరగదీసిందో
లెక్క రాసినోళ్లు లేరు.

నేను కంప్యూటర్లో బొమ్మలు చేసేవాణ్ణి.
ఆ రాత్రి ఆమె వేలికి ఫోను ఆనించి
నలభై ఫోటోలు తీశాను.
తెర నిండా వేలు.
గీతల్లేవు, పెన్న ఎండిన ఇసక మేట.
రంపం బ్లేడు కోసిన గాటు ఒకటి,
అదొక్కటే చదవొచ్చు.

పోయినవి పూరించమని ప్రోగ్రాముకు చెప్పాను.
రెప్పపాటులో శంఖాలు, చక్రాలు, సుడులు
కల్లాపి మీద ముగ్గంత చక్కగా.
పిలిచి చూపించాను.
కండ్లద్దాలు పైకి జరిపి చాలాసేపు చూసి
"ఎవురిదబ్బా ఇది?
పని చేసిన వేలు గాదులే" అంది.

బళ్లో నేను కాశింపీరా, ఆధార్‌లో ఖాసిం పీర్,
బ్యాంకులో ఎవరో కాశయ్య.
ఫోను మాత్రం మొహం చూసి తలుపు తీస్తుంది,
పేరడగదు.
ఉర్దూ రాదంటే ఒకరు,
నమాజుకు పోతామంటే ఇంకొకరు
"మరి మీరేమి?" అంటారు.
దూదేకులోళ్లం.
పేరులో దూది ఉంది,
చేతుల్లోకి బండలొచ్చి రెండు తరాలు.

పూరించిన వేలిని చెరిపేశాను.
అరిగిన వేలినే నాలుగడుగుల నల్లబండ మీద
మిషనుతో చెక్కించాను.
ప్రతి కాయ, ప్రతి పగులు,
గీతలుండాల్సిన చోట గరుకు.
హైదరాబాదులో ప్రదర్శన. లారీ పొద్దున ఏడుకు.
బండను ఫ్యాక్టరీ షెడ్డులోనే ఆనించి
ఇంటికొచ్చి పడుకున్నా.

ఏడుకు పోయి చూస్తే
బండ అద్దం.
చిన్నమ్మ చేతులు కడుక్కుంటా ఉంది,
బూడిద రంగు నీళ్లు కాలవలోకి.
"అంత గరుకుగా పంపితే ఎవురు కొంటారు నాయనా?
రాత్రి షిఫ్టులో నేనే పట్టిచ్చినా."

ఎనిమిది నెలల పని.
అరవడానికి వంగితే
బండలో నా నోరు తెరుచుకొని కనపడింది,
పక్కన ఆమె మొహం,
నిద్ర లేని కండ్లు.
రంపం గాటు ఒక్కటి అట్లనే ఉంది.
"అది లోతు, పోదులే" అంది,
"ఎత్తండి, ఎండ ముదురుతాది."

డ్రైవరు బిల్లు పుస్తకం తెరిచి
సరుకేమన్నాడు.
నేను వెతుక్కుంటా ఉంటే ఆమే చెప్పింది:
"కడప బండ. ఒకటి. పాలిషయింది."
సంతకం చోట సిరాలో ముంచి వేలొత్తింది.
గుండ్రంగా, నిండుగా,
ఒక్క గీతా లేని నల్లచుక్క.
డ్రైవరు ఉఫ్‌మని ఊది ఆరబెట్టి
సరే అన్నాడు.