ప్రయాణికులు: ఎవరూ లేరు

పధ్నాలుగేళ్లుగా మంత్రుల్ని మోస్తున్నాను
ఈ నల్లకారులో.
మంత్రులు మారతారు, సీటు కవర్లు మారవు.

గుడ్రుణ్ నెస్‌వోల్ మాత్రం ముందు సీట్లోనే కూర్చునేది.
వెనక కూర్చుంటే కడుపులో తిప్పుతుందట,
పడవల్లో పెరిగిన మనిషికి!

ఆ జనవరి శుక్రవారం ఫైలు ఒళ్లో పెట్టుకునే ఎక్కింది.
రాగి గని. కొండ తొలిచి పిప్పి చేసిన రాయినంతా
స్కారె ఫ్యోర్డ్‌లోకి, కాడ్ చేపలు గుడ్లు పెట్టే చోటికి,
గొట్టంతో వదలడానికి ఒక్క సంతకం కావాలి.
"అక్కడ నీకెవరైనా ఉన్నారా?" అనడిగింది.
ఉన్నాడు. నా భార్య తమ్ముడు, ఐవిన్.
రెండేళ్లుగా ఖాళీ. గని తెరిస్తే లారీ తోలతాడు.
చెప్పాను.
అద్దం మీద పట్టిన ఆవిరిని
అరచేత్తో తుడిచింది, అంతే.

నాలుగున్నరకే చీకటి. ఓస్లో అంతా మంచు.
పక్క గుమ్మంలోంచి ఆమె బయటికొచ్చింది,
చేతుల్లో అట్టపెట్టె, అందులో ఒక జత బూట్లు, ఒక కుండీ మొక్క.
ఉత్తరంలో మూడే వాక్యాలని తర్వాత పేపర్లో చదివాను.

తలుపు తీసి నిలబడ్డాను.
"ఇది నా కారు కాదు కదా ఇప్పుడు" అంది.
"మంచు పడుతోంది."
"చూస్తున్నాను."

నాకు ఒళ్లు మండింది.
ఐవిన్ పొయ్యిలో నీళ్లు పోసింది చాలక
ఇంటికి పోవడానిక్కూడా నీతేనా?
పొమ్మనుకున్నాను.

కానీ వంతెన దాటాక ఆ దారిలో దీపాలుండవు.
ఆమె వెనకాలే, నడక వేగంతో,
హెడ్‌లైట్లు వేసి పోనిచ్చాను.
ఒక్కసారీ వెనక్కి తిరగలేదు.
మంచు మీద కుండీ మొక్క నీడ
చెట్టంత పడింది.
గుమ్మం దగ్గర చెయ్యెత్తింది,
నాకో, తాళానికో.

లాగ్ పుస్తకంలో ప్రతి కిలోమీటరూ రాయాలి.
దూరం: మూడున్నర.
ప్రయాణికులు: ఎవరూ లేరు.
అబద్ధం కాదు.
'కారణం' అన్న గడి దగ్గర పెన్ను చాలాసేపు ఆగింది.
'మంచు' అని రాశాను.

సోమవారం కొత్తాయన వెనక సీట్లో కూర్చున్నాడు.
పదకొండింటికల్లా సంతకం అయిపోయింది.
ఐవిన్ ఫోన్ చేసి మాట రాక ఏడ్చాడు.
మేమూ సంతోషించాం. నిజంగానే.

క్రిస్మస్‌కి ఏటా తను పట్టిన కాడ్ పంపేవాడు.
ఈసారి కొన్నది పంపాడు.
బాగానే ఉంది.

ముందు సీటు ఇంకా వెనక్కి జరిపే ఉంది,
ఆమె కాళ్ల పొడుగుకి.
సర్దాలి.