పంచ్

నర్సంపేట ఠాణాకు ఎదురుంగ
ముప్పై మూడేండ్ల సంది నాది పంచరు దుకాణం.
ఒక నీళ్ల తొట్టి, ఒక గాలి పంపు,
పైన తాటికమ్మలు. పోయినేడు రేకులేసిన.

లోపలికెళ్లి పిలుపొస్తది:
"కొంరన్నా, ఒక్క సంతకం."
పంచు దొరకాలె సార్లకు.
దగ్గర్ల ఉండెటోడు, సంతకం వచ్చినోడు,
ఎదురు మాట్లాడనోడు.
మూడూ నేనే.

కొన్ని కాయితాలు నిండుగుంటయి.
కొన్ని తెల్లగ, అడుగున నా పేరొక్కటే.
పైన రాత్రంత రాసుకుంటరు.
నాటుసారా, దొంగ టేకు, ఎవనిదో బండి,
పాకాల తొవ్వల ఎదురుకాల్పులు,
అన్ని నేను చూసిన్ననే ఉన్నది.
చూసినయి మాత్రం ఏ కాయితం మీదా లేవు.

రాజ్యమంటే ఏందో సదువుకున్నోళ్లు చెప్తరు.
తుపాకంటరు, చట్టమంటరు.
నాకు తెలిసింది గింతే,
అర్ధరాత్రి దానికొక పంచరోడు కావాలె.
తుపాకి పేలినంక గూడ
నా వంకర సంతకం పడేదాక
అది జరిగినట్టు కాదు.

మా ఊర్ల రాత్రిబడి పెట్టిన మొగిలి సారు
కందిలి ముంగట నా చెయ్యి వట్టి దిద్దిచ్చిండు.
"క మీద ఒత్వం. పక్కన సున్న, మర్వకు.
ఇగ ఎవనికీ వేలిముద్ర పెట్టకు."

ఒక వానకాలం, తెల్లారక ముందు
జీపెక్కిచ్చుకపోయిన్రు.
తుమ్మల నడుమ, బురదల, బోర్ల ఉన్నడు మనిషి.
మొకం తిప్పిన్రు.
'గుర్తు తెలియని వ్యక్తి' అని రాస్తున్నడు రైటరు.
నా చెయ్యి క మీద ఒత్వం పెట్టింది.
సున్న మర్వలే.

ఇప్పుడు ఫ్రెండ్లీ పోలీసంటున్నరు.
ఠాణా గోడకు లేత నీలం రంగు,
'మీ భద్రత మా బాధ్యత' అని పెద్దక్షరాలు.
ఐదు వందలు చందా తీసుకొని
నా దుకాణం స్తంభానికే కెమెరా కట్టిన్రు.
పొద్దంత నా తొట్టినే చూస్తది, పాపం.
పోయిన నెల కోడి కూయక ముందే
మా గల్లి చుట్టుముట్టి బండ్ల కాయితాలడిగిన్రు.
పిల్లలకు బిస్కట్లిచ్చిన్రు.

మనుమరాలు లాస్య గోడ చదివి అడిగింది:
"తాతా, భద్రతంటే?"
"పైలం, బిడ్డా" అన్న.
అన్నంక మనసు ఒప్పలే.
పైలమని మా అమ్మ అనేది, కడప దాటుతుంటే.
నాకేమన్న అయితదని ఆమె భయం.
గోడ మీది మాటకు
నేనేమన్న చేస్తనని భయం.

నిన్న మల్లొచ్చిండు కొత్త కానిస్టేబులు,
మా చిన్నోని ఈడు పిలగాడు.
"పెద్దయ్యా, ఒక్క సంతకం."
"రాదు బిడ్డా, మర్చిపోయిన."
"ఇన్నేండ్ల ఫైళ్లల్ల ఉన్నయి గద?"
"అవి మొగిలి సారు అక్షరాలు."

ఆయన ఎవరని అడగలే.
ఇంకు ప్యాడ్ తెచ్చి నా బొటనవేలు వట్టిండు.
సొల్యూషను, ఆకురాయి అరగదీసిన వేలు,
రేషను మిషను గూడ గుర్తువట్టదు.
కాయితం మీద పడ్డది
గీతల్లేని నల్ల మచ్చ,
ట్యూబుకేసిన ప్యాచీ లెక్క.

దాని కింద గాలి ఆగిందో లేదో
నీళ్లల్ల ముంచితె గాని తెల్వదు.