అరగంట ఏరు

ఏటికి పది గజాల దూరంలో యాభై ఎనిమిదేళ్లు బతికాను,
మోకాలి దాకా కూడా దిగలేదు.
దిగినదల్లా నా ఎర్ర రబ్బరు చెప్పు ఒక్కటే,
ఏడో ఏట, కుడికాలిది.
ఎడమకాలి చెప్పుతో అమ్మ కొట్టింది.

ఫిర్తినా అంటే మా భాషలో తుఫాను.
రాత్రిపూట దాని గొంతు విని చెప్పేస్తాను
పైన కొండల్లో ఎంత వాన పడిందో,
తెల్లారి తేయాకు కోతకు పోవాలో వద్దో.
అంతకుమించి చుట్టరికం లేదు మాకు.

మా ఆడబిడ్డ కూతురు తులాయ్ రాఫ్ట్ నడుపుతుంది.
వేసవంతా ఊరుగాని ఊరివాళ్లను ఎక్కించుకుని
మా ఇంటి కిందనుంచే పోతుంది.
వాళ్లు కేకలు పెడతారు, నేను బట్టలారేస్తుంటాను.
"ఒక్కసారి రా అత్తా, చిన్న ట్రిప్పే, అరగంట" అంటే
మూడేళ్లు నీళ్లు నమిలాను.
ఈసారి రెండో కోత డబ్బులందిన రోజు
సగం టికెట్టు బల్లమీద పెట్టాను.
ఊరికే ఎక్కితే భయపడే హక్కుండదు కదా.

తలగుడ్డ తియ్యనన్నాను. దానిమీదే హెల్మెట్ బిగించింది.
నారింజరంగు జాకెట్టు పట్టీలు లాగి లాగి
"ఊపిరాడుతోందా?" అంది.
"ఆడుతోంది."
"అయితే ఇంకాస్త బిగించాలి."

అంకారా నుంచి ఒక కొత్త జంట,
కువైట్ తండ్రి, పదకొండేళ్ల కొడుకు మిషాల్,
నేను. వెనక తులాయ్.
ముందుకు అంటే తెడ్డు వెయ్యాలి, ఆగు అంటే ఆపాలి,
కిందికి అంటే నడుం వంచి తాడు పట్టుకోవాలి.
మొన్నటిదాకా దాని ముక్కు తుడిచినదాన్ని,
కాపురంలో ఎవరి మాటా ఒక్కసారికి విననిదాన్ని,
దాని మాట గాల్లో ఉండగానే విన్నాను.

మొదటి ఉరవడి ఏమంత కాదు,
ఒళ్లో బక్కెట్టెడు మంచునీళ్లు కుమ్మరించి పోయింది.
రెండోది రాతి వంతెన కింద.
దానిమీద వేలసార్లు నడిచాను,
దాని కడుపు చూడటం ఇదే.
నాచు, పిట్టగూళ్లు, ఎవరిదో పేరు.
వేలాడుతూ రాశాడా వాడు?

మలుపు తిరగ్గానే పైన మా ఇల్లు.
అగ్గిపెట్టెంత. దండెం మీద నా నీలం పావడా.
తేయాకు మూటలు దించే ఇనుప తీగ.
ఆ ఏటవాలులోనా నేను రోజూ ఎక్కి దిగేది!
కాళ్లు వణికాయి, ఏటిని చూసి కాదు.

అప్పుడే మూడోది. "కిందికి!"
రాఫ్ట్ లేచింది, నీరు తెల్లగా నిలబడింది,
మళ్లీ పడేసరికి పిల్లవాడి చోటు ఖాళీ.
తండ్రి అరబీలో ఏదో అరిచాడు.
నా పక్కనే, నురగలో, పసుపు హెల్మెట్.
తులాయ్ నోరు తెరిచేలోపే నా చేతులు పోయాయి.
భుజాల పట్టీలు రెండూ గుప్పిటపట్టి
మోకాళ్లు రబ్బరుకు తన్నిపెట్టి
వెనక్కి ఒరిగాను,
తడిసిన తేయాకు మూటను తీగ కొక్కేనికి ఎత్తినట్టే.
బరువూ దాదాపు అంతే.
ఇద్దరం వెల్లకిలా పడ్డాం.
వాడు దగ్గాడు, కాస్త ఏటిని కక్కాడు, తర్వాత నవ్వాడు.
పట్టీలు ఇంకా నా చేతుల్లోనే ఉన్నాయి.
వదలమని ముగ్గురు చెప్పాల్సొచ్చింది.

గట్టుమీద తండ్రి నా చేతిలో నోట్లు పెట్టబోయాడు.
"మూటలెత్తినందుకు నా మొగుడే ఎన్నడూ ఇవ్వలేదు, నువ్వెందుకు" అన్నాను.
తులాయ్ దాన్ని ఏమని చెప్పిందో,
ఆయన గుండెమీద చెయ్యేసుకున్నాడు.

షెడ్డులో ఫొటోలు అమ్ముతున్నారు.
ఒకదానిలో నా నోరు గుహలా తెరుచుకుని ఉంది.
అరిచిన గుర్తే లేదు.
కొనలేదు.

రాత్రి మొక్కజొన్న పిండీ వెన్నా కలిపి ఉడికించుకుని తిని
కిటికీ పక్కన పడుకున్నాను. భుజం సలుపుతోంది.
ఇన్నేళ్లూ ఏరంటే ఒకటే హోరు.
ఇవాళ విడివిడిగా వినిపిస్తోంది:
ఆ గలగల మొదటిది,
బోలుగా మోగేది వంతెన కిందది,
ఆ తర్వాత రెప్పపాటు ఏమీ లేదు,
అక్కడే వాడు పడింది.

పైన వాన లేదు.
రేపు కోతకు పోవాలి.